హీరోని తర్వాత గియ్యండి, ముందు శత్రువుని రాయండి

స్పేస్ షూటర్, అంటే అంతరిక్ష ఓడతో శత్రువులని కాల్చే ఆటలో, హీరో ఎవరని అడిగితే ఎవరైనా తెర అడుగున అటూ ఇటూ తిరిగే ఓడనే చూపిస్తారు. చూపించనివ్వండి. కానీ నాణెం వేసి ఆడే ఆ పాత ఆర్కేడ్ ఆటలు నలభై ఏళ్ళు దాటినా జనానికి గుర్తున్నది ఆ ఓడ వల్ల అంటే మాత్రం నేను ఒప్పుకోను. గుర్తున్నది పైనుంచి దిగేవాళ్ళ వల్ల. బుద్ధీ, స్వభావమూ, పంతమూ అన్నీ వాళ్ళ దగ్గరే ఉన్నాయి. హీరో దగ్గర చాలా ఆటల్లో ఉన్నది రెండు దిక్కులూ, ఒక బటనూ. ఈ సంగతి పట్టించుకోకుండా ఇప్పుడు వస్తున్న ఫోన్ ఆటలు హీరోని మేపుతూ పోతున్నాయి, మా కాలేజీ పిల్లలు కూడా వాటినే చూసి నేర్చుకుంటున్నారు, అందుకే ఇంత పొడుగు వ్యాసం రాస్తున్నాను.

నేను భీమవరం దగ్గర ఒక ఇంజినీరింగ్ కాలేజీలో ప్రోగ్రామింగ్ చెప్తాను. మినీ ప్రాజెక్టుల సీజన్ వచ్చిందంటే ప్రతి బ్యాచ్‌లోనూ ఎవరో ఒకరు స్పేస్ షూటర్ పట్టుకొస్తారు. ఓడకి రెక్కలు, రెక్కలకి రంగులు, తోకలో మంట, నాలుగు రకాల తుపాకులు, ఆట మొదలవగానే అభిమాన హీరో డైలాగు. శత్రువు దగ్గరికొచ్చేసరికి మాత్రం నెట్‌లో దొరికిన బొమ్మ ఒకటి, అది నిట్టనిలువుగా కిందికి జారుతుంది, అంతే. ఈమధ్య రివ్యూలో ఒక కుర్రాడిని అడిగాను. "ఇది ఎందుకొస్తోంది నాన్నా?" "మనం కాల్చడానికండి." "కాల్చకపోతే?" "కిందికెళ్ళిపోద్దండి." "వెళ్ళిపోతే నీకేంటి నష్టం?" కాసేపు ఆలోచించి, "ఏం లేదండి" అన్నాడు. ఆ ఆట రెండు నిమిషాల్లో ఎందుకు విసుగొస్తోందో ఆ ఒక్క జవాబులో ఉంది.

తీర్థాల్లో బుడగల బోర్డు ఉంటుంది కదా, తుపాకీ ఇచ్చి పేల్చమంటారు. గురి కుదిరినంతసేపు బాగానే ఉంటుంది, తర్వాత ఇంక ఉండబుద్ధి కాదు, ఎందుకంటే బుడగలకి మనతో పనేం లేదు. మా పిల్లల ఆటలు చాలావరకు బుడగల బోర్డులే.

అదే 1978లో టైటో కంపెనీ తెచ్చిన స్పేస్ ఇన్వేడర్స్ చూడండి. చేసినవాడు తోమోహిరో నిషికాడో. అయిదు వరుసలు, వరుసకి 11, మొత్తం 55 మంది గ్రహాంతరవాసులు. పై వరుసలో ఉన్నవాటిని కొడితే 30 పాయింట్లు, మధ్య రెండు వరుసలకి 20, కింది రెండిటికి 10. అన్నీ కలిసి ఒక పక్కకి నడుస్తాయి, అంచు తగలగానే ఒక మెట్టు కిందికి దిగి రెండో పక్కకి తిరుగుతాయి. ఇంతే నియమం. ఒక్కటి నేల దాకా వచ్చిందంటే మీకు ఎన్ని లైఫులు మిగిలినా ఆట అయిపోయినట్టే. మా కుర్రాడు చెప్పలేకపోయిన నష్టం ఇదే.

ఇప్పుడు ఆ బొమ్మలని దగ్గరగా చూద్దాం, ఎందుకంటే నేను క్లాసులో కూడా చుక్క చుక్కా బోర్డు మీద వేసి చూపిస్తాను. పై వరుసది 8 చుక్కల వెడల్పు, మధ్యది 11, కిందిది 12. అన్నిటి ఎత్తూ 8. ఇంత చిన్న గళ్ళలోనే ఒకటి స్క్విడ్ అనే సముద్ర జీవిలాగా, ఒకటి పీతలాగా, ఒకటి ఆక్టోపస్‌లాగా కనబడాలి, పైగా నడిచినట్టుండాలి. అందుకని ప్రతిదానికీ రెండేసి బొమ్మలు గీశారు, కాళ్ళు దగ్గరగా ఉన్నది ఒకటి, ఎడంగా ఉన్నది ఒకటి. పీత చేతులు ఒక బొమ్మలో పైకి లేస్తాయి, రెండోదాంట్లో కిందికి వాలతాయి. మరి కింద మనం నడిపే ఫిరంగి? దానికి మామూలుగా ఉన్నప్పుడు ఒక్కటే బొమ్మ. జరిగినా అదే, ఆగినా అదే, కాల్చినా అదే. దానికి కదిలే బొమ్మలు ఉన్నది పేలిపోయేటప్పుడే. మెమరీ గీచి గీచి వాడుకునే రోజుల్లో ఎక్కడ ఖర్చు పెట్టాలో నిషికాడో తేల్చుకున్న తీరు ఇది.

అసలు విషయం వేగంలో ఉంది. ఆ యంత్రంలో ఉన్నది 2 మెగాహెర్ట్జ్ ఇంటెల్ 8080 ప్రాసెసర్. తెర సెకనుకి 60 సార్లు మారుతుంది, మారిన ప్రతిసారీ ఆ ప్రాసెసర్ ఒక్క గ్రహాంతరవాసిని మాత్రమే ఒక అడుగు జరపగలదు. 55 మందీ ఉన్నప్పుడు గుంపంతా ఒక అడుగు వెయ్యడానికి దగ్గర దగ్గర సెకను పడుతుంది. మీరు సగం మందిని కొట్టేస్తే అర సెకనే పడుతుంది. ఒక్కటే మిగిలితే అది సెకనుకి 60 అడుగులు వేస్తుంది. అంటే మీరు గెలుస్తున్నకొద్దీ వాళ్ళు వేగం అందుకుంటున్నారు. ఇది ముందుగా అనుకుని పెట్టిన తెలివి కాదు, యంత్రానికి ఓపిక లేక జరిగింది. కానీ నిషికాడో దాన్ని చూసి, ఆటకి ఇదే బాగుందని ఉంచేశాడు. కింద నాలుగు లోతైన స్వరాలు ఒకదాని తర్వాత ఒకటి మోగుతూ ఉంటాయి, గుంపు పలచబడేకొద్దీ అవి కూడా దగ్గర దగ్గరగా పడతాయి. ఆ చివరి ఒక్కదాన్ని కొట్టేటప్పుడు చేతుల్లో వచ్చే టెన్షన్, 55 మంది ఉన్నప్పుడు రాదు. ఈ ఆటలో ఏ లెవెల్‌కీ వేరే బాస్, అంటే పెద్ద శత్రువు, అక్కర్లేదు, మీరు చంపకుండా మిగిల్చిన చివరివాడే బాస్. ఇంత సొంపైన శత్రువుని ఆ తర్వాత రాసినవాళ్ళు తక్కువ అని నా అభిప్రాయం.

ఇంకో మాట. ఈ ఆటకి గెలుపు లేదు. గుంపంతా అయిపోతే ఇంకో గుంపు వస్తుంది, ఈసారి కాస్త కిందనుంచి మొదలవుతుంది. హీరో ఎప్పటికైనా ఓడిపోవాల్సిందే, ఎంతసేపు నిలబడ్డాడన్నదే లెక్క. మన సినిమా హీరోకి అలవాటుపడ్డవాళ్ళకి ఇది మింగుడుపడదు. మా పిల్లలు 'యూ విన్' అని పెద్దక్షరాలతో తెర పెట్టకుండా ప్రాజెక్టు ముగించలేరు.

జనం ఎవరిని చదివారో కూడా చూడాలి. ఆడేవాళ్ళు లెక్క కట్టి తేల్చారు: తెర పైన అప్పుడప్పుడూ అడ్డంగా పోయే ఆ ఎర్ర ఓడ ఉంటుంది కదా, మీరు కాల్చిన తూటాల్లో 23వ దానితో దాన్ని కొడితే 300 పాయింట్లు, ఆ తర్వాత ప్రతి 15వ తూటాకీ మళ్ళీ 300. జపాన్‌లో ఇంకొందరు కనిపెట్టింది మరీ సాహసం. గుంపుని కావాలని చివరి మెట్టు దాకా రానిస్తారు. అంత దగ్గరికొచ్చాక వాళ్ళ తూటాలు మన ఫిరంగికి తగలవు, తీరిగ్గా ఒక్కొక్కదాన్నీ కొట్టుకోవచ్చు, కానీ ఒక్క మెట్టు ఎక్కువ దిగితే మాత్రం అంతా అయిపోయినట్టే. నగోయా ఊరి పేరుతో ఆ ఎత్తుగడ ప్రసిద్ధి. ఇవన్నీ శత్రువుని గంటల తరబడి చూస్తే తప్ప పట్టుబడే విషయాలు కావు. మన ఫిరంగిలో ఇంత చదవడానికి ఏముంది చెప్పండి.

1979లో నామ్కో వాళ్ళ గెలాక్సియన్ వచ్చి వరుసని విడగొట్టింది, శత్రువులు గుంపులోంచి విడిపోయి వంకర తిరుగుతూ మీదకి దూకడం మొదలెట్టారు. 1981లో అదే నామ్కో గాలగా తెచ్చింది. నాకు అన్నిటికంటే ఇష్టమైన శత్రువు అందులోనే ఉంది.

మేము పాలకొల్లులో ఉన్నప్పుడు వేసవి సెలవుల్లో పక్క వీధిలో గంటకింత అని డబ్బులు తీసుకుని టీవీకి పెట్టిన వీడియో గేమ్ ఆడనిచ్చేవాళ్ళు. జపాన్ నింటెండో యంత్రానికి నకళ్ళు అవి, క్యాసెట్ మీద 9999 ఆటలని రాసి ఉండేది, లోపల ఉన్నవి కొన్నే, అవే మళ్ళీ మళ్ళీ వచ్చేవి. గాలగా అందులోనే తగిలింది. మా అన్నయ్యా నేనూ ఆడేవాళ్ళం, మా పిన్ని కొడుకులు వెనక నిలబడి సలహాలిచ్చేవాళ్ళు.

గాలగాలో పై వరుసలో నలుగురు బాసులు ఉంటారు. వాళ్ళకి రెండు దెబ్బలు పడాలి, మొదటి దెబ్బకి రంగు మాత్రం మారుతుంది. బాస్ ఒక్కోసారి దూకుతూ దూకుతూ మధ్యలో ఆగి, కింద వెడల్పయ్యే ఒక కాంతి కిరణం తెరుస్తుంది. అందులో చిక్కితే మీ ఓడ గిర్రున తిరుగుతూ పైకి పోతుంది, ఎర్రగా మారిపోయి ఆ బాస్ వెంట వరుసలో కూచుంటుంది. ఒక లైఫ్ పోయినట్టే. కానీ ఆ బాస్ మళ్ళీ మీ మీదకి దూకినప్పుడు దాన్ని కొట్టగలిగితే మీ ఓడ విడిపించుకుని వచ్చి పక్కన చేరుతుంది, రెండు ఓడలు, రెండేసి తూటాలు. తొందరపడి బాస్ పైన వరుసలో ఉండగానే కొట్టారనుకోండి, మీ ఓడే మీ మీద తిరగబడుతుంది. గురి తప్పి మీ ఓడకే తగిలిందా, అది పోయింది.

అన్నయ్య కావాలనే ఓడని అప్పగించేవాడు. నాకు అది చూస్తే ప్రాణం విలవిల్లాడిపోయేది. ఉన్న మూడు ఓడల్లో ఒకదాన్ని శత్రువు చేతిలో పెట్టడం ఏంటి? పోనీ విడిపించాక లాభమే అనుకుందామా అంటే, జంట ఓడ వెడల్పు రెండింతలు, తగలడం కూడా తేలిక. ఈ గొడవ మా ఇద్దరికీ ఇప్పటికీ తెగలేదు. ఒక్క శత్రువు, ఒక్క కిరణం, దాంతో ఆడేవాడికి ఒక నిర్ణయం వచ్చింది, అన్నయ్య ఎలాంటివాడో నేను ఎలాంటిదాన్నో బయటపడింది. హీరో తనంతట తాను హీరో అయింది ఇక్కడే, ఆ అవకాశం ఇచ్చింది మాత్రం బాసే.

అంతరిక్షంలో తేలే రాళ్ళని పగలగొట్టే ఆస్టరాయిడ్స్ ఆట గురించి ఎక్కువ చెప్పను. 1979, అటారీ. అందులో పెద్ద పళ్ళెం ఓడ ఎటుపడితే అటు కాలుస్తుంది, 200 పాయింట్లు. చిన్నది గురి చూసి కాలుస్తుంది, 1000. ఒక చిన్న రాయిని పగలగొట్టకుండా ఉంచేసుకుని, వచ్చిన పళ్ళెం ఓడలని మాటు వేసి కొట్టే ఆటగాళ్ళు తయారయ్యారు. అంటే వేటాడేది ఎవరో, వేటాడబడేది ఎవరో తారుమారైంది.

డిఫెండర్ దగ్గర మాత్రం ఆగాలి. విలియమ్స్ కంపెనీ ఆట, దాన్ని చేసిన యూజీన్ జార్విస్ పేరు దానికి ముడిపడి ఉంది, 1981లో జనంలోకి వచ్చింది. నేల మీద పది మంది మనుషులు ఉంటారు. ల్యాండర్ అనే శత్రువు దిగి ఒక మనిషిని పట్టుకుని మెల్లగా పైకి లేస్తుంది. మీరు దాన్ని కాలిస్తే మనిషి కిందికి పడతాడు, మీరే పోయి అందుకోవాలి. మీరు రాలేకపోతే, ల్యాండర్ తెర పై అంచు చేరగానే ఆ మనిషితో కలిసిపోయి మ్యూటెంట్ అవుతుంది. అది మామూలు శత్రువు కాదు, పిచ్చెక్కినట్టు మీ వెంట పడుతుంది. పది మందీ పోతే గ్రహమే పేలిపోతుంది, మిగిలిన ల్యాండర్లన్నీ మ్యూటెంట్లైపోతాయి. ఇక్కడ శత్రువు మిమ్మల్ని చంపడానికే రాలేదు, వాడికి వేరే పనుంది. ఆ పనికి అడ్డం పడటమే మీ పని. మీరు కాపాడలేకపోయిన మనిషే శత్రువులో కలిసి మీ మీదకొస్తాడు. ఈ ఒక్క నియమం నేను చదివిన ఎన్నో కథల కంటే బరువైనది, ఇది అతిశయోక్తి అని నేను అనుకోవడం లేదు.

విలన్ విలువ మనవాళ్ళకి తెలియనిదేమీ కాదు. రావు గోపాలరావు గారు మన గోదావరి మనిషి. ఆయన మాట విరుపు కోసమే సినిమాకి వెళ్ళినవాళ్ళు మా ఇంట్లోనే ఉన్నారు, ఆ సినిమాల్లో హీరో ఏం మాట్లాడాడో వాళ్ళకి గుర్తు లేదు. పురాణాల్లో అయితే చెప్పక్కర్లేదు, ముందు రాక్షసుడి తపస్సు, వాడి వరం, ఆ వరంలో ఉన్న కిటుకు, ఇవన్నీ అయ్యాకే దేవుడు వస్తాడు. ఏ అవతారం రావాలో తేల్చేది ఆ కిటుకే. మా పిల్లలకి ఇవన్నీ తెలుసు, ఆట రాయడానికి కూచునేసరికి ఎక్కడికి పోతాయో మరి.

దీనికి వచ్చే ఎదురు మాట నాకు తెలుసు. "మేడమ్, హీరో బలం పెరగడంలో కూడా మజా ఉంటుంది కదండీ" అంటారు. ఉంటుంది. 1985లో కోనామీ చేసిన గ్రేడియస్‌లో ఓడకి విక్ వైపర్ అని పేరు కూడా ఉంది, శత్రువులని కొడితే వచ్చే గుళికలు ఏరుకుని వేగం, క్షిపణి, లేజర్ ఇలా ఏది కావాలో మనమే ఎంచుకోవచ్చు. కానీ చచ్చిపోతే సంపాదించినవన్నీ పోతాయి, మొండి ఓడతో మళ్ళీ అదే గుంపు ముందు నిలబడాలి. ఆ బలానికి విలువ వచ్చింది అది పోతుంది కాబట్టి, దాన్ని లాక్కునే సత్తా శత్రువుకి ఉంది కాబట్టి. 2000లో వచ్చిన నోకియా 3310లో స్పేస్ ఇంపాక్ట్ ఉండేది, నలుపు చుక్కల తెర, బస్సులో నరసాపురం నుంచి పాలకొల్లు వచ్చేలోపు ఎంతమంది వేళ్ళు ఆ మీటల మీద ఉండేవో. అందులో కూడా లెవెల్ చివర బాస్ ముందు చెయ్యి వణికేది.

ఇప్పటి ఫోన్ ఆటల్లో చాలావాటిలో సంగతి వేరు. ఓడ తనంతట తనే కాలుస్తుంది, చచ్చిపోతే ప్రకటన చూసి లేవచ్చు, డబ్బు కడితే పెద్ద తుపాకీ. శత్రువు ఇక ఎందుకు, మీ తుపాకీ ఎంత పెద్దదో మీకు చూపించడానికి. మా అక్క కొడుకు ఒకటి ఆడుతుంటే పక్కన కూచుని చూశాను, తెరంతా తూటాలే, శత్రువుల ఆకారం కూడా కనబడటం లేదు. "పైన వచ్చినవి ఏంట్రా?" అంటే, "ఏమో పిన్నీ, పగిలిపోతున్నాయి కదా" అన్నాడు. తొమ్మిదేళ్ళవాడిది తప్పు కాదు. శత్రువుని అలా తీసిపారేసి చేసినవాళ్ళది తప్పు. ఓడిపోతే డబ్బు కట్టాలనిపించేంత కష్టం, గెలిస్తే ఇంకాసేపు ఉండాలనిపించేంత సులువు, ఈ రెండూ చూసుకుని లెక్కలేసి పెట్టినవాటికి స్వభావం ఎక్కణ్ణుంచి వస్తుంది?

కాల్చడమే తప్పు, ఇవి పిల్లలకి హింస నేర్పుతాయి అనేవాళ్ళు కూడా ఉన్నారు, స్టాఫ్ రూములోనే. వాళ్ళతో నాకు పూర్తి పేచీ లేదు. నిషికాడో కూడా మనుషులని శత్రువులుగా పెట్టాలనుకుని, మనుషులని కాల్చడం బాగుండదని మానుకుని, పీతలూ ఆక్టోపస్‌ల ఆకారాల్లోకి వెళ్ళారు. ఎవరిని శత్రువుగా పెడుతున్నాం అనేది బాధ్యతగా ఆలోచించాల్సిన విషయమే. కానీ నా కంటికి ప్రమాదం ఎక్కువ కనబడేది శత్రువుకి ముఖమూ, పనీ, కారణమూ ఏమీ లేని ఆటలోనే. ల్యాండర్ ఏం చేస్తుందో తెలిసినవాడు కాల్చేముందు ఒక క్షణం చూస్తాడు, లేకపోతే మనిషికి తగులుతుంది.

ఈ ఏడు నేను ఒక షరతు పెట్టాను. స్పేస్ షూటర్ చేసేవాళ్ళు ఓడ బదులు చతురస్రం పెట్టుకోవాలి, మొదటి రివ్యూలో శత్రువు నియమం ఒక్కటే చూపించాలి. మొహాలు మాడ్చుకున్నారు. రాజోలు వైపు నుంచి వచ్చే ఒక అమ్మాయి మాత్రం అంతర్వేది స్థలపురాణం పట్టుకొచ్చింది.

తెలియనివాళ్ళ కోసం చెప్తాను. వశిష్ఠ గోదావరి సముద్రంలో కలిసేచోట లక్ష్మీనరసింహస్వామి గుడి ఉంది కదా, అక్కడి కథలో రాక్షసుడు రక్తవిలోచనుడు, హిరణ్యాక్షుడి కొడుకు. తన నెత్తురు ఎన్ని ఇసుక రేణువుల మీద పడితే అంతమంది తనలాంటి రాక్షసులు పుట్టాలని శివుడి దగ్గర వరం పొందాడు. స్వామి కొట్టినకొద్దీ వాళ్ళు పెరిగిపోతున్నారు. చివరికి అశ్వరూఢాంబ, మనం గుర్రాలక్క అంటాం, నెత్తురు ఇసుక మీద పడకుండా అడ్డుకుంటేనే వధ జరిగింది. స్పేస్ ఇన్వేడర్స్‌లో కొడితే వేగం పెరుగుతుంది, ఇక్కడ కొడితే సంఖ్య పెరుగుతుంది. నాకు ఒళ్ళు పులకరించింది. మన తీరాన ఇన్ని వందల ఏళ్ళుగా చెప్పుకుంటున్న కథలో ఇంత చక్కటి శత్రువు నియమం ఉంటే, మేము నెట్‌లో బొమ్మలు వెతుక్కుంటున్నాం.

మొదటి వెర్షన్‌లో తెర అడుగునంతా ఇసుక, పైన ఒక్క ఎర్ర చతురస్రం. కొడితే మూడు చుక్కలు రాలాయి, చుక్కకొకటి చొప్పున ఇసుకలోంచి మూడు చతురస్రాలు లేచాయి. వాటిని కొడితే తొమ్మిది. కాసేపటికి ల్యాబ్ కంప్యూటర్ మొరాయించింది. తెర మీద ఉండగలిగేవాటికి ఒక హద్దు పెట్టి దారికి తెచ్చింది. ఇప్పుడు మా ఇద్దరికీ వాదన గుర్రాలక్క దగ్గర నడుస్తోంది. ఆ అమ్మాయి రెండో ఓడ పెడతానంటోంది, అది కింద తిరుగుతూ చుక్కలు దానంతట అదే పట్టేసుకుంటుంది. "అలా అయితే ఆడేవాడికి పనేం మిగిలిందమ్మా?" అన్నాను. నా మాట, ఓడ ఒక్కటే ఉండాలి, చుక్కని పట్టుకోవడానికి పోయినంతసేపూ అది కాల్చకూడదు, కాలుస్తున్నంతసేపూ చుక్కలు రాలుతూ ఉండాలి. ఎంతమందిని కొట్టాలో కాదు, ఎప్పుడు కొట్టకుండా ఆగాలో ఆడేవాడు తేల్చుకోవాలి. "అప్పుడు స్వామీ అమ్మవారూ ఒకటే అయిపోతారు కదండీ, మా అమ్మమ్మ ఒప్పుకోదు మేడమ్" అంటోంది. ఆవిడ మాటలోనూ న్యాయం ఉంది. ఇద్దరు ఆటగాళ్ళు పక్కపక్కన కూచుని, ఒకరు కాల్చడం ఒకరు పట్టడం పెడితే రెండు పక్షాలూ నిలబడతాయేమో అని నిన్న అనుకున్నాం, వచ్చే రివ్యూకి అలా రాసుకొస్తానంది.